తడిసిన పెళ్లి ఆల్బమ్‌తో సినిమా: అనుభవం ఉన్నవారు చెప్పండి

సింగ్‌నగర్ వాసి:
2024 సెప్టెంబరులో బుడమేరు మా ఇంట్లోకి వచ్చినప్పుడు బీరువా కింది అరలో ఉన్న అమ్మానాన్నల పెళ్లి ఆల్బమ్ నానిపోయింది. నాన్న ఇప్పుడు లేరు. కొన్ని ఫోటోల్లో ఆయన ముఖం ఉండవలసిన చోట గులాబీ రంగు మరక మిగిలింది. వీటితో ఒక ప్రయోగాత్మక లఘుచిత్రం తీయాలని ఉంది. నటులు ఉండరు, ఫోటోలూ అమ్మ మాటలూ అంతే. ఫోటోలు బాగుచేయించాలా, ఉన్నవి ఉన్నట్టే చూపాలా?

అరండల్‌పేట పాఠకుడు:
సినిమా కోసమైతే బాగుచేయించకండి. హాలిస్ ఫ్రాంప్టన్ 1971లో తీసిన ‘నోస్టాల్జియా’ చూడండి, 36 నిమిషాలే. ఫోటోలు, ఎక్కువగా తాను తీసినవే, ఒక్కొక్కటీ కరెంటు పొయ్యి మీద కాలిపోతుంటాయి. వినిపించే మాటలు మాత్రం ఆ ఫోటో గురించి కాదు, తరువాత రాబోయేదాని గురించి. ఇందాక విన్నది గుర్తు తెచ్చుకుంటూ, ఇప్పుడు వింటున్నది దాచుకుంటూ చూడాలి. రెండూ కుదరవు, మనమే మరిచిపోతాం. జ్ఞాపకం మీద ఇంతకంటే నిజాయితీగల సినిమా నేను చూడలేదు. పైగా ‘నేను’ అంటూ చెప్పే గొంతు ఫ్రాంప్టన్‌ది కాదు, ఆయనలాగే ప్రయోగాలు చేసిన మైకేల్ స్నోది.

పటమట:
ముందు ఫోటోల సంగతి. కవరుకు అంటుకుని ఎండిపోయి ఉంటే బలవంతంగా లాగకండి, రంగు పొర కవరుకే ఉండిపోతుంది. కవరుతో సహా స్కాన్ చేసి పెట్టుకోండి. ఆ తరువాతే చల్లటి మంచినీళ్ల పళ్లెంలో నానబెట్టి, మెల్లగా విడదీసి, బొమ్మ పైకి ఉండేలా నీడలో ఆరబెట్టండి. అప్పటికీ కొన్ని పాడవుతాయి. ఇంక్‌జెట్ ప్రింట్లయితే నీళ్లు తగలనివ్వకండి.

కృష్ణలంక:
మా అమ్మమ్మ మాటలు రికార్డు చేసిన అనుభవంతో చెబుతున్నాను. ఫోటో చేతికిస్తే ‘ఈయన మీ పెదతాతయ్య, ఈవిడ ఫలానా’ అని హాజరు పట్టీ చదివినట్టు చెప్పింది. ఫోటో పక్కన పెట్టి, గోరుచిక్కుళ్లు తుంచుతుండగా అడిగితే బీసెంట్ రోడ్డులో పెళ్లిచీర బేరం మొదలుకొని వియ్యాలవారి అలక దాకా అన్నీ వచ్చాయి. చేతిలో పని ఉంటే మాట దానంతటదే వస్తుంది. ఫ్యాను మాత్రం ఆపేయండి.

పటమట:
ఒక సందేహం. మాటకూ బొమ్మకూ పొంతన లేకపోతే మన ఇళ్లలో ఎవరు చూస్తారు? అమ్మగారికే అర్థం కాకపోతే ఎలా?

అరండల్‌పేట పాఠకుడు:
అర్థం కావడానికి పొంతన ఒక్కటే దారి కాదండి. జోనస్ మేకస్ యుద్ధకాలంలో లిథువేనియా వదిలి, 27 ఏళ్ల తరువాత 1971లో సొంత ఊరు వెళ్లి తీసిన చిత్రంలో దృశ్యాలు కుదురుగా నిలవవు, రెప్పపాటులో మారిపోతుంటాయి. అయినా వాళ్లమ్మ ఆరుబయట వంట చేస్తుంటే ఏ తల్లికి అర్థం కాదు?

సింగ్‌నగర్ వాసి:
మరకలు అలాగే ఉంచుతాను. నాన్న రాసిన పాత ఉత్తరాలు రెండు దొరికాయి. బాబాయి గొంతు అచ్చం నాన్నదిలాగే ఉంటుంది. ఆయన చేత చదివించవచ్చా?

కృష్ణలంక:
అంత పోలిక ఉంటే వద్దు, అమ్మగారు తట్టుకోలేరేమో. మీరే చదవండి. నాన్నగారి ‘నేను’ మీ నోట వినిపించనివ్వండి.