వార్షికోత్సవం: కామెడీ జంట ఐటమ్‌కి సౌండ్, స్క్రీన్ ఎవరు చూస్తారు?

స్టేజ్ కోఆర్డినేటర్:
అందరికీ నమస్కారం. పాటలతో నవ్వించే జంట మన ప్రోగ్రామ్‌కి ఖాయమైంది. ఒకరు కీబోర్డు, ఒకరు గిటారు. టీవీలో చూసినవాళ్లే కదా అనుకోకండి. టీవీలో కనుబొమ్మ ఎగరేసినా కెమెరా దగ్గరికెళ్లి చూపిస్తుంది. మన హాల్లో చివరి వరసకి చేరేది మాట ఒక్కటే. ఆ మాట సరిగ్గా వినపడకపోతే జోకు పోయినట్టే. అందుకే డెకరేషన్ కంటే ముందు సౌండ్ సంగతి తేల్చేద్దాం.

పెద్ద సెట్ ఏమీ అక్కర్లేదు. 1956లో లండన్‌లో ఫ్లాండర్స్, స్వాన్ అనే కామెడీ పాటల జంట మొదలుపెట్టిన షోకి ఒక పియానో సరిపోయింది. న్యూజిలాండ్ జంట ఫ్లైట్ ఆఫ్ ది కాంకార్డ్స్ కూడా గిటార్లు పట్టుకుని స్టేజీల మీద పాడుతూనే 2007లో అమెరికా టీవీ ఛానల్ హెచ్‌బీఓలో సొంత సిరీస్ దాకా వెళ్లింది.

సౌండ్ టీమ్:
చేతులు వాయిద్యాల మీద ఉంటాయి కాబట్టి చేతి మైకులు పనికిరావు. హెడ్‌సెట్‌లు రెండు, స్పేర్ ఒకటి. కీబోర్డు, గిటారు నేరుగా మిక్సర్‌కి. వాళ్ల వైపు తిప్పి ఒక మానిటర్ స్పీకర్ పెట్టాలి, లేకపోతే జనం గోలలో వాళ్ల పాట వాళ్లకే వినపడదు. సౌండ్ చెక్‌లో గబగబా మాట్లాడే ముక్క కూడా చేయించాలి. అన్నా, ఇంకో మాట, పిల్లల డాన్సుల వెంటనే ఈ ఐటమ్ పెట్టకండి. ఫొటోలకని సగం హాలు లేచిపోతుంది.

పిల్లల ప్రోగ్రామ్స్:
ఇక్కడ విదేశంలో పుట్టిన మన పిల్లలకి తెలుగు పంచ్‌లు అందవు. స్క్రీన్ మీద ఇంగ్లిష్‌లో లైన్లు వేద్దామా?

స్టేజ్ కోఆర్డినేటర్:
వేద్దాం అక్కా, కానీ చరణం మొత్తం ఒకే స్లైడ్‌లో వద్దు. వాళ్లు నోరు తెరిచేలోపే జనం చదివేసి నవ్వేస్తారు, ఇక వాళ్లు పాడేది ఎవరి కోసం? ఒక్కో లైన్‌కి ఒక్కో స్లైడ్. పంచ్ లైన్‌కి ముందు ఒక ఖాళీ స్లైడ్. నవ్వు ఎక్కువైతే వాళ్లు ఆగుతారు, మనమూ ఆగాలి, కాబట్టి టైమర్ కుదరదు. స్లైడ్లు మార్చే క్లిక్కర్, రిహార్సల్ చూసిన మనిషి చేతిలోనే ఉండాలి. లైట్లు చూసేవాళ్లకీ అదే స్క్రిప్టు ఇద్దాం.

వీడియో టీమ్:
యూట్యూబ్ లైవ్ ఉందాండి?

స్టేజ్ కోఆర్డినేటర్:
ఈ ఐటమ్‌కి వద్దండి. వాళ్ల పర్మిషన్ తీసుకోకుండా పెట్టలేం. పైగా పేరడీ అంటే పాత పాటకి కొత్త నవ్వుల మాటలు కట్టడమే కదా, ట్యూన్ అందరికీ తెలిసిందే అయ్యుంటుంది, మన ఛానల్‌కి కాపీరైట్ క్లెయిమ్ పడితే ఆ తలనొప్పి వేరు.

పిల్లల ప్రోగ్రామ్స్:
సరే, క్లిక్కర్ నేను చూసుకుంటా. ఇంగ్లిష్ లైన్లు మావాడు రాస్తాడు. తెలుగుతో సరిచూసేవాళ్లు ఒకరు కావాలి.

సౌండ్ టీమ్:
నేను చూస్తా అక్కా. శుక్రవారంలోగా పంపించండి.