జాకీ చాన్ డైరెక్టరా, మెగాఫోన్ పట్టిన ఫైట్ మాస్టరా?

రీలుబాబు:
1979లో ‘ఫియర్‌లెస్ హైనా’తో మొదలుపెట్టి 2012లో ‘చైనీస్ జోడియాక్’ దాకా తీశాడు. ఫైట్లు తీసేస్తే వాటిలో మిగిలేదేంటి? ‘పోలీస్ స్టోరీ’ (1985) కథ పోస్టుకార్డు మీద పడుతుంది, అడ్రసుకి చోటు కూడా మిగులుతుంది. గొప్ప ఫైట్ మాస్టర్ అనండి, ఒప్పుకుంటా.

కత్తెర:
రీలుబాబు గారూ, అదే 1985లో అమెరికావాళ్లు ‘ద ప్రొటెక్టర్’ తీశారు. కాళ్లూ చేతులూ జాకీవే, డైరెక్టర్ మాత్రం జేమ్స్ గ్లికెన్‌హాస్. అది నచ్చకే హాంకాంగ్ రిలీజు కోసం జాకీ కొన్ని సీన్లు మళ్లీ తీసి, ఫైట్లు మళ్లీ ఎడిట్ చేసుకున్నాడు. రెండు వెర్షన్లూ పక్కపక్కన పెట్టి చూడండి. జాకీ ఫైట్‌లో కెమెరా పెద్దగా కదలదు, మనిషి తల నుంచి పాదం దాకా ఫ్రేములోనే ఉంటాడు. తన్ను వైడ్ షాట్‌లో మొదలై దగ్గరి షాట్‌లో తగులుతుంది. ఆ కట్ దగ్గర రెండు మూడు ఫ్రేములు (సినిమాలో సెకనుకి 24 బొమ్మలు, ఒక్కో బొమ్మ ఒక ఫ్రేము) వెనక్కి జరిపి అతికిస్తారు, అంటే తన్నులో ఆ కాస్త ముక్క రెండోసారి కనపడుతుంది. షాట్ మారగానే కన్ను కొత్త ఫ్రేములో ఎక్కడ చూడాలో వెతుక్కుంటుంది, ఈలోపు దెబ్బ దాటిపోతుంది మరి. మూడు ఫ్రేములంటే సెకనులో ఎనిమిదో వంతు. అది లేకపోతే దెబ్బ తగిలినట్టే ఉండదు, ఎక్కువైతే సినిమాకి నత్తి.

పాప్‌కార్న్:
క్లాక్ టవర్ ఒక్కటి చాలదా?

రీలుబాబు:
దాని గురించే అడుగుతున్నా. ‘ప్రాజెక్ట్ ఏ’ (1983)లో టవర్ మీంచి పడటం వరసగా రెండుసార్లు చూపిస్తాడు. కథలో పడింది ఒక్కసారే కదండీ! ‘చూశారా, పడింది నేనే’ అని చాటుకోవడం తప్ప అందులో డైరెక్షనేముంది?

స్లోమోషన్:
అసలు ఆ స్పీడంతా కెమెరాదే. సెకనుకి 22 ఫ్రేముల చొప్పున తీసి 24 చొప్పున నడిపితే అందరూ జాకీ చాన్‌లే.

కత్తెర:
22కి తీస్తే పెరిగేది 9 శాతం బ్రదర్. 20కి దిగితే 20 శాతం, అక్కడ ఊగే జుట్టూ బట్టలూ, కిందపడే సామాన్లూ గుట్టు బయటపెట్టేస్తాయి. చేతకానివాడు 9 శాతం వేగంగా చేతకానివాడవుతాడు, అంతే.

రీలుబాబు:
మళ్లీ ఫ్రేముల లెక్క! సరే, అతని బెస్ట్ ఫైట్ ఏది? ‘వీల్స్ ఆన్ మీల్స్’ (1984)లో కిక్‌బాక్సర్ బెన్నీ అర్కిడెజ్‌తో చేసింది. తన్ను గాలికి కొవ్వొత్తులు ఆరిపోతాయే, అదే. డైరెక్టరెవరు? హాంకాంగ్‌లోనే ఇంకో యాక్షన్ డైరెక్టర్, సామో హంగ్!

కత్తెర:
సామోని నేను తక్కువ చేసిందెక్కడ? సామో మీద థ్రెడ్ పెట్టినప్పుడు ఇలాగే జాకీని తెచ్చారు మీరు.

రీలుబాబు:
మాట మార్చేది మీరు. ఎడిటింగ్ టేబుల్ మీద పనిని డైరెక్షన్ అంటున్నారు.

కత్తెర:
అంటాను. హాంకాంగ్‌లో ఫైటంతా ముందు నాలుగు వైపుల నుంచీ తీసిపెట్టుకుని తర్వాత ఏరుకోరు. నాలుగైదు దెబ్బల ముక్క రిహార్సల్ చేసి, దానికే కెమెరా పెట్టి, ఓకే అయ్యాకే తర్వాతి ముక్క. ఎడిటింగ్ సగం సెట్‌లోనే అయిపోతుంది. కెమెరా ఎక్కడ పెట్టాలో తేల్చేవాడే డైరెక్టర్. మీకేమో డైలాగ్ ఉంటేనే సీను.

రీలుబాబు:
నా మంట డైలాగ్ గురించి కాదు సార్. ‘పోలీస్ స్టోరీ’ మాల్ ఫైట్‌లో మామూలుకంటే మందం పంచదార గాజు (స్టంట్లలో పగలగొట్టే నకిలీ గాజు) వాడారు. యూనిట్ వాళ్లే సినిమాకి ‘గ్లాస్ స్టోరీ’ అని పేరు పెట్టుకున్నారు. ఆ గాజులోంచి దూసుకెళ్లింది జాకీ ఒక్కడేనా? కథలో చెయ్యేసిన ఎడ్వర్డ్ టాంగ్ పేరు ఈ థ్రెడ్‌లో ఎవరైనా ఎత్తారా? స్టంట్ టీం ఒళ్లు హూనం చేసుకుంటే మొత్తం కలిపి ‘జాకీ డైరెక్షన్’ ఖాతాలో వేస్తున్నారు.

కత్తెర:
ఇది మొదటి పోస్టులోనే రాసి ఉంటే సగం గొడవ ఉండేది కాదు. స్టంట్ టీం విషయంలో మీతోనే ఉన్నా. డైరెక్టర్ కాదన్నదానికి మాత్రం ఒప్పుకోను.

స్లోమోషన్:
‘చైనీస్ జోడియాక్’కి ఒకే సినిమాలో 15 క్రెడిట్లు వేసుకుని గిన్నిస్ ఎక్కాడు. రీలుబాబు గారి బాధ అదేనేమో.

పాప్‌కార్న్:
ఆ 15లో యూనిట్ భోజనాల ఏర్పాట్లు కూడా ఒకటి. అది ఏ ఖాతాలో వేద్దాం?

రీలుబాబు:
అదొక్కటీ ఇచ్చేస్తా. క్లాక్ టవర్ సంగతికి కత్తెర గారు ఇంకా జవాబివ్వలేదు.