రిటైర్మెంట్ ముందు పుట్టిన తేదీ మార్చమని కోర్టుకెళ్లడం న్యాయమేనా?

గోదారి గట్టు: మా మామయ్య ప్రభుత్వాఫీసులో అటెండర్. బడిలో వేసేటప్పుడు ఐదేళ్లు నిండాయనిపించడానికి హెడ్మాస్టరు రెండేళ్లు కలిపి 1964 జూన్ 15 అని రాసేశారు, అదే టెన్త్ సర్టిఫికెట్‌లోకి, అక్కణ్ణుంచి ఎస్‌ఆర్‌లోకి (ఉద్యోగి వివరాలుండే సర్వీసు రిజిస్టర్) ఎక్కింది. మున్సిపాలిటీ జనన రిజిస్టర్‌లో మాత్రం 1966 అనే ఉంది. ఇప్పుడు మార్చమంటే కుదరదంటున్నారు. ప్రభుత్వ కాగితమే చూపిస్తుంటే ఎందుకు ఒప్పుకోరు?

ఓరుగల్లు వకీలు: కోర్టుకెళ్లొచ్చు గానీ కేసు నిలబడదు తమ్ముడూ. కేంద్ర ఉద్యోగులైతే చేరిన ఐదేళ్లలోపే అడగాలి, 1993లో హర్నాంసింగ్ కేసులో సుప్రీంకోర్టు దాన్ని గట్టిగా సమర్థించింది. మన దగ్గర 1984 నాటి రూల్స్ ఉన్నాయి, వాటి ప్రకారం ఎస్‌ఆర్‌లో ఎక్కిన తేదీ దాదాపు ఫైనల్. 2021లో కర్ణాటక నుంచి వచ్చిన నటరాజ కేసులో ఇంకా స్పష్టంగా చెప్పారు: ఎంత బలమైన ఆధారమున్నా హక్కుగా అడగడానికి లేదు, సర్వీసు చివర్లో వస్తే ఆ ఆలస్యం ఒక్కటి చాలు కొట్టేయడానికి. అప్పటి ఆర్మీ చీఫ్ వి.కె. సింగ్ గారంతటి వారే పుట్టిన తేదీ గొడవ మీద సుప్రీంకోర్టుకెళ్లి 2012 ఫిబ్రవరిలో పిటిషన్ వెనక్కి తీసుకున్నారు. మీ మామయ్య ఇంకో రెండేళ్లుంటే, ఆ ఖాళీ కోసం కాచుకున్నవాడి సంగతేంటి?

సీతమ్మధార పద్మ: వకీలు గారూ, ఆర్మీ చీఫ్‌తో అటెండర్‌ని పోల్చడం బాలేదు. ఆయన యూపీఎస్సీ ఫారంలో 1950, మెట్రిక్ సర్టిఫికెట్‌లో 1951, ఆ తేడా ఏళ్ల తరబడి ఫైళ్లలో నలిగింది. ఈ అటెండర్‌కి తేడా ఉందని చెప్పిందెవరు?

ఓరుగల్లు వకీలు: ఎస్‌ఆర్ మొదటి పేజీలో ఆయన సంతకం ఉంటుందమ్మా.

సీతమ్మధార పద్మ: ఉంటుందండీ, గుమస్తా వేలు పెట్టి చూపించిన చోట పెట్టిన సంతకం! ఆ తర్వాత పుస్తకం బీరువాలో ఉంటుంది, ఆయన చేతికి రాదు. గడువు ఉండాలి, నేనూ ఒప్పుకుంటా, లేకపోతే రిటైర్మెంట్ దగ్గర పడ్డ ప్రతివాళ్లూ ఒక కొత్త కాగితం పట్టుకొస్తారు. కానీ పాత జనన రిజిస్టర్‌లో అప్పుడే రాసిన ఎంట్రీకీ, నిన్న మొన్న పుట్టించిన అఫిడవిట్‌కీ తేడా చూడరా? 2023 అక్టోబర్ 1 తర్వాత పుట్టిన పిల్లలకైతే బడికీ ఉద్యోగానికీ బర్త్ సర్టిఫికెట్టే ఆధారమని చట్టం మార్చారు, అంటే బడి రికార్డు కంటే అదే నమ్మకమని ప్రభుత్వమే ఒప్పుకున్నట్టు కదా. మరి పాతవాళ్లకి కనీసం ఒక్కసారి, ఎస్‌ఆర్ నకలు చేతికిచ్చి, అభ్యంతరముంటే ఏడాదిలోపు చెప్పమని అడగడానికి అడ్డేంటి? అప్పటికీ నోరెత్తకపోతే అప్పుడు ఆలస్యమనండి.