డూప్‌గా చేసినవాడు డైరెక్టర్ అయితే ఫైటర్లకు భద్రత పెరుగుతుందా?

పోస్ట్ 1
పెరుగుతుందనే నా నమ్మకం. దెబ్బ తిన్నవాడికే నొప్పి తెలుస్తుంది. హాలీవుడ్ హాల్ నీడమ్‌నే చూడండి. సైన్యంలో పారాట్రూపర్‌గా పనిచేసి వచ్చి, హీరో బర్ట్ రేనాల్డ్స్‌కి ఏళ్ల తరబడి డూప్‌గా చేశాడు. తన ఒంట్లో 56 ఎముకలు విరిగాయని ఆయనే చెప్పుకున్నాడు. ఫైటర్లు ఎత్తు నుంచి అట్టపెట్టెల మీదికి దూకే రోజుల్లో ఎయిర్‌బ్యాగ్‌ని (దూకేవాళ్ల కోసం కింద పరిచే గాలి నింపిన పెద్ద పరుపు) వాడకంలోకి తెచ్చినవాళ్లలో ఆయన ఒకడు. 1977లో తొలిసారి డైరెక్ట్ చేసిన ‘స్మోకీ అండ్ ద బ్యాండిట్’ ఆ ఏడాది అమెరికా వసూళ్లలో ‘స్టార్ వార్స్’ తర్వాతి స్థానంలో నిలిచింది. మరుసటి ఏడాదే ‘హూపర్’ తీశాడు. వయసు మీద పడుతున్న స్టంట్‌మ్యాన్ కథ అది. తనవాళ్లను మర్చిపోయినవాడు అలాంటి సినిమా తీస్తాడా?

పోస్ట్ 2
మీరు రాసినవి నిజాలే, కానీ 1980ని వదిలేశారు. ‘క్యానన్‌బాల్ రన్’ షూటింగ్‌లో ఒక స్టంట్ నటి కూర్చున్న కారు ఎదురుగా వస్తున్న వ్యాన్‌ని గుద్దింది. ఆ కారులో సీటు బెల్టులు లేవు. ఆవిడ మెడ విరిగి, కాళ్లూ చేతులూ చచ్చుబడిపోయాయి. డైరెక్టర్ ఎవరు? నీడమే. ఎయిర్‌బ్యాగ్ విలువ తెలిసిన మనిషికి బెల్టు విలువ తెలియదా? తెలుసు. అదే నన్ను ఎక్కువ బాధపెడుతుంది. ఇన్నిసార్లు విరిగినా లేచి నిలబడ్డవాడికి, ఎదుటివాళ్లూ లేస్తారనే ధీమా వచ్చేస్తుందని నా అనుమానం.

పోస్ట్ 3
నేను కొన్నాళ్లు షూటింగుల్లో ఫైటర్లని గాల్లోకి లేపే రోప్ లాగే పని చేశాను కాబట్టి చెప్తున్నా. డైరెక్టర్‌కి భయం లేకపోతే కింద ఉన్నవాడు ‘వద్దు సార్’ అనలేడు. ‘నేను చేసి చూపిస్తా’ అనే డైరెక్టర్ దగ్గర అది మరీ కష్టం. స్టంట్ తెలియని డైరెక్టర్ అయితే కనీసం ఫైట్ మాస్టర్ మాట వింటాడు. తెలిసినవాడు ఎవరి మాట వింటాడు?

పోస్ట్ 1 రాసినవారు
ఆ ప్రమాదం గురించి రాయకపోవడం నా తప్పే. అయినా అందరినీ ఒకే గాటన కట్టలేం. చాడ్ స్టాహెల్స్కీ 1999లో ‘మేట్రిక్స్’లో కియాను రీవ్స్‌కి డూప్. 2014లో అదే హీరోతో ‘జాన్ విక్’ తీశాడు. అందులో ఫైట్లు ముక్కలు ముక్కలుగా కట్ చేయకుండా పొడుగు షాట్లలో కనిపిస్తాయి. హీరోకి ముందే బాగా ట్రైనింగ్ ఇస్తే తప్ప అలా తీయలేరు. డూప్‌గా నేర్చుకున్న చదువు అక్కడ పనికొచ్చింది.

పోస్ట్ 2 రాసినవారు
ఫైట్ బాగా తీయడం వేరు, ఫైటర్‌ని కాపాడటం వేరు. రెండూ కలిపేయకండి. నీడమ్‌కి 2012లో గౌరవ ఆస్కార్ ఇచ్చారు, అర్హుడే. స్టంట్ డిజైన్‌కి విడిగా ఆస్కార్ మాత్రం 2027లో విడుదలయ్యే సినిమాల నుంచే. ఆ గుర్తింపు ఎప్పుడో రావాల్సింది. కానీ నేనడిగేది అవార్డు గురించి కాదు. ఆ రోజు కారు కదలకముందు, డైరెక్టర్‌కి సంబంధం లేని ఒక మనిషి బెల్టులు ఉన్నాయా లేదా అని చూసి, లేకపోతే షాట్ ఆపగలిగే అధికారంతో అక్కడ ఉండాల్సింది.

పోస్ట్ 3
దీనికి నేనూ ఒప్పుకుంటా. ఆ మనిషి జీతం మాత్రం ఆ డైరెక్టర్ చేతిలో ఉండకూడదు.