2000 డిసెంబర్ నాటి తెలుగు దినపత్రికలు ఎక్కడ చూడొచ్చు?

అజారుద్దీన్ విషయంలో మన పత్రికల ధోరణి ఎలా మారుతూ వచ్చిందో ఒక ప్రాజెక్టు కోసం చూస్తున్నాను. మ్యాచ్ ఫిక్సింగ్ కేసులో 2000 డిసెంబర్ 5న బీసీసీఐ ఆయనపై జీవితకాల నిషేధం వేసింది. 2012 నవంబర్ 8న ఆంధ్రప్రదేశ్ హైకోర్టు అది చెల్లదంది. కానీ ఆ తీర్పు రాకముందే, 2009లోనే మొరాదాబాద్ ఎంపీగా గెలిచేశారు. అంటే జనంలో ఆయన్ను మళ్లీ నిలబెట్టింది కోర్టు ఒక్కటే కాదు. మరి పత్రికల పాత్ర ఎంత? నిషేధం మొదటి పేజీలో పతాక శీర్షికై, తీర్పు ఆటల పేజీలో ఓ మూలకు పోయిందా అన్నది నాకు ముఖ్యం.

2012 వార్తలు ఆన్‌లైన్‌లో కొన్ని దొరికాయి. చిక్కంతా 2000తోనే. ఈ-పేపర్లు అంత వెనక్కి వెళ్లడం లేదు. పాత వెబ్ పేజీలను దాచి ఉంచే వేబ్యాక్ మెషీన్‌లో కొన్ని పేజీలు తెరుచుకున్నాయి గానీ, అప్పట్లో యూనికోడ్ కాదు, ఒక్కో పత్రికది ఒక్కో ఫాంటు. తెలుగు ఉండాల్సిన చోట ఇంగ్లిష్ అక్షరాలు, గుర్తులు కలగాపులగంగా వస్తున్నాయి. వాటిని మార్చే 'పద్మ' ఎక్స్‌టెన్షన్ ఇప్పటి ఫైర్‌ఫాక్స్‌లో పనిచేయదు. (చేసినా, వార్త ఏ పేజీలో వేశారో వెబ్ పేజీ చెప్పదనుకోండి.) మా దగ్గరి గ్రంథాలయంలో అప్పటి ఇంగ్లిష్ పత్రికల బైండింగులు ఉన్నాయి, తెలుగువి లేవు.

2000 డిసెంబర్ 6, 7 తేదీల తెలుగు దినపత్రిక ఏదైనా సరే, అన్ని పేజీలూ తిరగేసి చూడగలిగే చోటు హైదరాబాద్‌లో గానీ విజయవాడలో గానీ ఎక్కడుందో చెప్పగలరా?