న్యూస్‌రీల్, వీహెచ్‌ఎస్ ఫుటేజ్: 25పీ టైమ్‌లైన్‌లో అంచులు చీలుతున్నాయి

ప్రశ్న:
దివిసీమ ఉప్పెన (1977), కోనసీమ తుఫాను (1996) మీద డాక్యుమెంటరీ ఎడిట్ నడుస్తోంది. మొదటిదానికి ఫిలిం న్యూస్‌రీల్ నుంచి టేపుకెక్కించిన ముక్కలు, రెండోదానికి ఊళ్లలో తీసిన వీహెచ్‌ఎస్. అన్నీ పాల్ (మన పాత టీవీ పద్ధతి), 720×576. టైమ్‌లైన్ 1920×1080, 25పీ (సెకనుకు 25 పూర్తి ఫ్రేములు). కెమెరా పక్కకు తిరిగిన చోటల్లా అంచులు పళ్లుపళ్లుగా చీలుతున్నాయి. అన్నింటికీ డీఇంటర్‌లేస్ ఫిల్టర్ (గీత విడిచి గీతగా ఉన్న బొమ్మను పూర్తి ఫ్రేములు చేసేది) వేస్తే న్యూస్‌రీల్ మసకబారింది. మనుషులూ సన్నగా కనబడుతున్నారు. ఏం చేయాలండీ?

జవాబు:
రెండింటికీ ఒకే మందు పనికిరాదండి. వీహెచ్‌ఎస్ కెమెరా సెకనుకు 50 ఫీల్డులు (గీత విడిచి గీతగా ఉండే సగం ఫ్రేములు) తీస్తుంది. ఒక ఫ్రేములోని రెండు ఫీల్డులూ వేర్వేరు క్షణాలవి కాబట్టి డీఇంటర్‌లేస్ తప్పదు. న్యూస్‌రీల్‌లో రెండు ఫీల్డులూ ఒకే ఫిలిం ఫ్రేము నుంచి వస్తాయి. అయినా అంచులు చీలుతున్నాయంటే టెలిసినీలోనో (ఫిలింను వీడియోగా మార్చడం), క్యాప్చర్‌లోనో (టేపును కంప్యూటర్‌లోకి ఎక్కించడం) జత తప్పి, ఈ ఫ్రేము పై ఫీల్డుతో పక్క ఫ్రేము కింది ఫీల్డు కలిసింది. ఫీల్డ్ మ్యాచింగ్‌తో జత సరిచేస్తే అసలు బొమ్మ పూర్తిగా వస్తుంది. డీఇంటర్‌లేస్ ఫిల్టరైతే సగం గీతలు ఊహించి నింపుతుంది, మసక అందుకే.

ముందు షాట్‌ను 50పీగా (ఒక్కో ఫీల్డును ఒక్కో ఫ్రేముగా) విడదీసి ఒక్కో ఫ్రేమే జరిపి చూడండి. ప్రతిదీ కొత్తగా కదిలితే వీడియో. రెండేసి ఒకేలా ఉంటే ఫిలిం (నిలువునా కాస్త ఊగుతాయి, అది మామూలే). బొమ్మ ముందుకూ వెనక్కూ గెంతితే ఫీల్డ్ ఆర్డర్ (ఏ ఫీల్డు ముందన్నది) తప్పు. డీవీ (డిజిటల్ వీడియో ఫార్మాట్) ఫైలయితే కింది ఫీల్డు ముందు పెట్టండి. వీహెచ్‌ఎస్‌కు ఎఫ్‌ఎఫ్‌ఎంపెగ్ సాఫ్ట్‌వేర్‌లోని బీడబ్ల్యూడిఫ్ అనే డీఇంటర్‌లేస్ ఫిల్టర్ సరిపోతుంది. రెండరింగ్‌కు ఓపికుంటే క్యూటీజీఎంసీ అనే మరో డీఇంటర్‌లేసర్ ఇంకా మెరుగు.

మరో జవాబు:
మనుషులు సన్నబడటం పిక్సెల్ ఆకారం గొడవ. 720×576ను మీ ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ చదరపు పిక్సెళ్లుగా చదువుతోంది. 4:3గా మార్చి 1440×1080కి పెంచండి, పక్కల నలుపు ఉండనివ్వండి. 16:9 నింపాలని కత్తిరిస్తే ఎత్తులో పావు వంతు పోతుంది. వరద షాట్లలో నీటిమట్టం తెలిసేది అక్కడే.

సెకనుకు 24 ఫ్రేములతో తీసిన ఫిలిం పాల్‌లో 25కి పరుగెడుతుంది, గొంతులు 4 శాతం హెచ్చుతాయి. బొమ్మ వేగం ముట్టుకోకుండా, పిచ్ (శ్రుతి) ఒక్కటే 0.7 సెమీటోన్ (అరస్వరం) తగ్గించండి.

ప్రశ్న వేసినవారు:
న్యూస్‌రీల్ రెండేసి ఒకేలా వస్తోంది, థాంక్సండి. కానీ కొన్ని వీహెచ్‌ఎస్‌లు మాకు వచ్చేసరికే 1920×1080 ఎంపీ4లు. వాటిలో పళ్లు మందంగా, అలికినట్టున్నాయి.

జవాబు:
డీఇంటర్‌లేస్ చేయకుండా సైజు పెంచేశారు, ఫీల్డులు కలిసిపోయాయి. ఏ ఫిల్టరూ శుభ్రంగా విడదీయలేదు. టేపు మళ్లీ క్యాప్చర్ చేయించండి: ఎస్‌-వీడియో అవుట్, టైమ్‌బేస్ కరెక్టర్ (టేపు బొమ్మ వణుకు సరిచేసే పరికరం), 10 బిట్ 4:2:2 (రంగు వివరం ఎక్కువ నిలిపే ఫార్మాట్), ఇంటర్‌లేస్‌డ్‌గానే (ఫీల్డులు విడిగానే ఉంచి). టేపు అంచున తెల్లటి బూజుంటే శుభ్రం చేయించకుండా వీసీఆర్‌లో పెట్టొద్దు, హెడ్లు పాడవుతాయి.

ఇంకో జవాబు:
హక్కులు కూడా చూసుకోండి. ప్రభుత్వ చిత్రాలకు కాపీరైట్, విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు. 1977 న్యూస్‌రీలయితే 2037 చివరిదాకా ఉంటుంది. న్యూస్‌రీళ్లు తీసిన కేంద్ర ప్రభుత్వ సంస్థ ఫిలిమ్స్ డివిజన్ ఇప్పుడు ఎన్‌ఎఫ్‌డీసీలో (జాతీయ చలనచిత్రాభివృద్ధి సంస్థ) కలిసింది, అక్కడ అడగాలి. టైమ్‌కోడ్ అచ్చేసిన ప్రివ్యూతో ఎడిట్ లాక్ చేసి, వాడిన షాట్లకే అటూ ఇటూ 50 ఫ్రేములు కలిపి మాస్టర్ (పూర్తి నాణ్యత కాపీ) అడగండి. లైసెన్సులో ఓటీటీ ఉందో లేదో సంతకానికి ముందే చదవండి.