వరంగల్ నుంచి సినిమా కాస్ట్యూమ్స్ పనిలోకి ఎట్లా పోవాలి?

హన్మకొండ_అమ్మాయి:
డిగ్రీ ఫైనల్ ఇయర్ చదువుతున్నా. సినిమాలకు కాస్ట్యూమ్ డిజైనర్ కావాలని రెండేళ్లుగా మనసులో ఉంది. మిషన్ కుట్టడం వచ్చు, బొమ్మలు ఓ మోస్తరుగా వేస్తాను. ఇంట్లో చెప్తే నాన్న "ఇంత చదివింది దర్జీ పనికా?" అన్నారు. కోర్సు చేయాలా, నేరుగా ఎవరి దగ్గరైనా చేరాలా? ప్రొడక్షన్ డిజైనర్ అన్నా ఇదేనా? ఇండస్ట్రీలో మాకు తెలిసినవాళ్లు ఎవరూ లేరు.

కొత్తవాడ_మగ్గం:
చెల్లీ, మాది కొత్తవాడ. మా నాన్న జంపఖానాలు నేస్తారు. నేను ఆరేళ్లుగా కాస్ట్యూమ్స్‌లో అసిస్టెంట్‌ని. ముందు మీ నాన్నకు ఒక మాట చెప్పు. ఆస్కార్ గెలిచిన మొదటి భారతీయురాలు భాను అథైయా. 'గాంధీ' సినిమాకు, 1983లో, జాన్ మోలోతో కలిసి. ఆ బహుమతి వచ్చింది బట్టలకే.

ప్రొడక్షన్ డిజైనర్ పని వేరు. ఇల్లు, వీధి, గోడ రంగు, బల్ల మీద చెంబు, మొత్తం సినిమా కంటికి ఎట్లా కనబడాలో చూసేది వాళ్లు. మన బట్టలు అందులో ఇమడాలి. ఇది నాకు దెబ్బ తిన్నాకే తెలిసింది. మొదటి సినిమాలో వరంగల్‌లోనే ఒక పాత ఇంట్లో షూటింగ్. హీరోయిన్ తల్లికి మంచి నీలం నేత చీర తెచ్చా, బేరం కూడా బాగా కుదిరింది. తీరా చూస్తే ఆ ఇంటికి నీలి సున్నం వేసి ఉంది. మానిటర్‌లో ఆమె ముఖం, రెండు చేతులు తప్ప ఏమీ కనబడలేదు. యూనిట్ మొత్తం గంటన్నర ఖాళీగా కూర్చుంది. ఆ రోజు తిన్న తిట్లు ఇక్కడ రాయలేను. అప్పటి నుంచి చీర కొనే ముందు గోడ ఫోటో అడుగుతా.

కోర్సు సంగతి: హైదరాబాద్ మాదాపూర్‌లో నిఫ్ట్ అని ఫ్యాషన్ కాలేజీ ఉంది, ఎంట్రన్స్ రాయాలి. సెట్ల వైపు మనసుంటే పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఆర్ట్ డైరెక్షన్, ప్రొడక్షన్ డిజైన్ నేర్పుతారు. నేనైతే ఏ కోర్సూ చేయలేదు. చేసి ఉంటే బొమ్మ గీసి చూపించడం వచ్చేది, ఇప్పటికీ అదే నా లోటు.

సెట్_పనోడు:
నేను ఆర్ట్ డిపార్ట్‌మెంట్. అక్క చెప్పింది నిజమే కానీ డబ్బుల మాట ఎత్తలేదు. ఆరు నెలల రూమ్ అద్దె చేతిలో లేకుండా హైదరాబాద్ బస్సెక్కకు. నాకు ఒక సినిమా డబ్బులు ఇప్పటికీ రాలేదు, ఆ ఆఫీసు ఉన్నచోట ఇప్పుడు టిఫిన్ సెంటర్ ఉంది.

హన్మకొండ_అమ్మాయి:
థాంక్స్ అక్కా, అన్నా. నాన్నకు ఆస్కార్ సంగతి చెప్పా. "ఆమెది బొంబాయి కదా" అన్నారు 😅 అసిస్టెంట్‌గా చేరితే మొదట్లో ఏం చేయిస్తారు?

కొత్తవాడ_మగ్గం:
నాన్నకు 'మహానటి' పేరు చెప్పు. 2018 సినిమాలకు ఇచ్చిన జాతీయ అవార్డుల్లో దాని కాస్ట్యూమ్స్‌కు ముగ్గురికి కలిపి ఇచ్చారు. అందులో గౌరంగ్ షా చేనేత చీరల మనిషి, హైదరాబాదే.

మొదట్లో ఇస్త్రీ. తర్వాత సీన్ నంబర్ చీటీలు కట్టడం, షాట్ షాట్‌కూ ఫోటో తీసుకోవడం. పొద్దున చేతులు మడిచిన చొక్కా భోజనాల తర్వాత విప్పి ఉంటే నిన్నే అంటారు. ఫైట్ ఉంటే ఒకే చొక్కా నాలుగైదు జతలు కావాలి. ఇక కొత్త బట్టను పాతది చేయడం: టీ డికాషన్‌లో నానబెట్టి, కాలర్‌ను ఉప్పు కాగితంతో రుద్దుతాం.

అన్నింటికీ అది కుదరదు. ఒకసారి గొర్రెల కాపరి వేషానికి కొత్త గొంగడి తెచ్చా. చింతగింజల గంజి పెట్టి ఉంటుంది కదా, నటుడి భుజం మీద చెక్కలాగా నిలబడింది. పిండినా, తొక్కినా వంగలేదు. చివరికి జనగామ దగ్గర మంద తోలుకుపోతున్న ఒక తాతను ఆపి, ఈ కొత్తది తీసుకుని నీది ఇయ్యమన్నా. ఆయన రెండింటినీ చూసి, "కొత్తది ఇచ్చి పాతది తీస్కపోతవా బిడ్డా, ఇంట్ల చెప్పే వచ్చినవా?" అన్నాడు. ఇచ్చాడు. గొర్రెల వాసన మాత్రం వ్యాన్‌లో వారం దాకా పోలేదు.

కొత్తవాడ వైపు వస్తే మెసేజ్ పెట్టు, మా మగ్గం చూద్దువు. నువ్వు గీసిన బొమ్మలు కూడా తీసుకురా.